రెండువందల పదహారు గళ్ళు

ఆరో స్క్రూ ఊడేసరికి తొమ్మిదిన్నర దాటింది. గురునాథం దాన్ని పట్టకారు కొసతో ఎత్తి, అయస్కాంతం ముక్క అంటించిన అగ్గిపెట్టె మూత మీద మిగతా ఐదింటి పక్కన పెట్టాడు. మిషన్లో ఏ మూల నుంచి వచ్చిన స్క్రూకి మూత మీద కూడా ఆ మూలే చోటు. ముప్ఫై ఏళ్ళుగా అదే పద్ధతి. బల్ల మీద బోర్లా పడుకున్నది బీర్‌గావ్ ఫ్యాక్టరీ కార్మికుడెవరిదో పీఎస్పీ, చేత్తో పట్టుకుని ఆడుకునే గేమ్ మిషను. ఎడమ బొటనవేలి కింది బొత్తాంలో ఇనప రజను దూరి, ఆటలో మనిషి ఎప్పుడూ ఎడమకే పోతున్నాడట. అటునుంచి వచ్చే మిషన్లన్నీ ఇంతే, ఊదితే నల్లటి పొడి. గురునాథం మీసాలు మునుపు నల్లగా ఉండేవి కాబట్టి తెలిసేది కాదు. నెరిశాక ఇప్పుడు రోజూ సాయంత్రానికి మళ్ళీ నల్లబడుతున్నాయి.

ఆ దుకాణాన్ని దుకాణమనడం మర్యాద కోసమే. రాయపూరు గుఢియారీలో రైల్వే గోడనానుకుని నాలుగడుగుల వెడల్పు, ఆరడుగుల పొడవు ఉన్న రేకుల బడ్డీ, అక్కడి మాటలో ఖోఖా. గూడ్సు బండి పోతే లోపలి సామానంతా కదులుతుంది, అందుకే ఆ అయస్కాంతం. బల్ల చెక్క మాత్రం గట్టిది. గురునాథం తండ్రి కోటయ్య వ్యాగన్ రిపేరు షాపులో ఫిట్టరు. బొబ్బిలి పక్క పల్లె నుంచి వచ్చి ముప్ఫైనాలుగేళ్ళు అక్కడ చాకిరీ చేసి, రిటైరైన రోజున పాత వ్యాగన్ అడుగుచెక్క ఒకటి అడిగి, గేటు పాసు రాయించుకుని మరీ తెచ్చుకున్నాడు. కొడుక్కి రైల్వే ఉద్యోగం రాలేదు. మూడుసార్లు పరీక్ష రాశాడు, మూడుసార్లూ పోయింది. రేడియోలు బాగుచేశాడు, తరవాత టేపురికార్డర్లు, వీసీఆర్లు, సీడీలు, సెల్‌ఫోన్లు. ఇతను ఒకటి నేర్చుకునేలోగా లోకం దాన్ని పారేసి ఇంకోదాన్ని ఎత్తుకునేది. "నువ్వు నేర్సుకున్నావంటే దానికి కాలం సెల్లిపోయినట్టే," అనేది భార్య తాయారమ్మ.

అన్నిటి తరవాత అతని చేతికి దొరికి, చేతిలో నిలిచిన విద్య ఇదే. మిషన్లో పుట్టుకతో ఉన్న ప్రోగ్రాము తీసేసి, ఏయే దేశాల్లోనో కుర్రాళ్ళు కూర్చుని రాసిన వేరే ప్రోగ్రాము ఎక్కించడం. అది ఎక్కితే మిషను చెప్పిన మాట వింటుంది. బొత్తాలు మార్చుకోవచ్చు, ఆటలో కనిపించే మాటలు మార్చుకోవచ్చు. కాకపోతే అది ఎక్కే ఐదారు నిమిషాల్లో బ్యాటరీ కదిలినా, చెయ్యి తగిలినా మిషను చచ్చి ఊరుకుంటుంది. అందుకని గురునాథం ముందు చెప్పులు బయట ఇటుక మీద విడుస్తాడు. తలుపు ఇనప చట్రాన్ని అరచేత్తో ముట్టుకుని ఒంట్లో కరెంటు దింపుకుంటాడు. మీట నొక్కాక రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని తెర వంక చూస్తూ కూర్చుంటాడు, అంతే. కొత్తవాళ్ళు అదేదో పూజ అనుకుంటారు. పక్కన సైకిళ్ళు బాగుచేసే సాహూకి మాత్రం అంతా తెలుసు. ఎవరైనా వస్తే, "రుకో భాయ్, చప్పల్ బాహర్ హై," అని తన స్టూలు మీద కూర్చోబెట్టేవాడు. ఇటుక మీద చెప్పులున్నంతసేపూ గురునాథాన్ని పలకరించకూడదన్నది ఆ వీధి మొత్తానికీ తెలిసిన కట్టుబాటు.

ఊరికే రాలేదు ఆ భక్తి. రెండువేల ఎనిమిదిలో అతను ముట్టుకున్న మొట్టమొదటి పీఎస్పీ అతని చేతుల్లోనే చచ్చింది. పంతొమ్మిది రోజులు తిండి సహించలేదు. హిందీ బళ్ళో నేర్చిన అరకొర ఇంగ్లీషుతో, నిఘంటువు పక్కన పెట్టుకుని, ఇంటర్నెట్ కేఫ్‌లో కూర్చుని చదివాడు. రెండు సంగతులు తెలుసుకున్నాడు. బ్యాటరీ లోపలి చిప్‌కి ఒక కాలు లేపితే అది మరమ్మతు బ్యాటరీ అవుతుంది, చచ్చిన మిషన్‌ని కూడా కళ్ళు తెరిపిస్తుంది. రెండోది, మిషను బతికుండగానే దాని లోపలున్నదంతా నకలు తీసి పెట్టుకోవాలి. ఏ మిషన్ నకలు ఆ మిషన్‌కే పనికొస్తుంది, ఒకదానిది ఇంకోదానికి పెడితే పనిచెయ్యదు. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నాడన్న మాట నిజమే. కానీ పట్టుకున్న ఆకుల్ని మళ్ళీ ఎన్నడూ వదల్లేదు. ఆ తరవాత అతని బల్ల మీదికి వచ్చిన ప్రతి మిషన్‌కీ, ఎవరూ అడక్కపోయినా, నకలు తీసి పేరు పెట్టి హార్డ్ డిస్కులో దాచాడు. ఆ డిస్కు స్టీలు టిఫిను డబ్బాలో ఉంటుంది. నాలుగొందల పైచిలుకు మిషన్ల ప్రాణాలు ఆ డబ్బాలో ఉన్నాయని వాటి సొంతదార్లకి కూడా తెలియదు.

బొత్తాం కింద స్పిరిట్ అద్దుతుండగా గుమ్మంలో నీడ పడింది. గురునాథం పిన్ని అని పిలిచే శేషమ్మ కూతురు మాలతి. బొబ్బిలిలో కాలేజీ ఆఫీసులో పనిచేస్తుంది, తల్లిని తనతో తీసుకుపోవడానికి వచ్చి నాలుగు రోజులైంది. చీర కొంగులో ఏదో చుట్టి పట్టుకుంది.

"అన్నయ్యా, పాడుచేసేశాను," అంది. "అమ్మది. ఫోన్లో అప్‌డేట్ అని వస్తే నొక్కుతాం కదా, ఇందులోనూ అలాగే కనిపిస్తే నొక్కాను. సగంలో కరెంటు పోయింది. మళ్ళీ వెలగలేదు."

గురునాథం మిషన్‌ని అందుకున్నాడు. ముడుచుకున్న వేళ్ళకి అందేలా కుడివైపు మీటకి తను అతికించిన పళ్ళబ్రష్షు పిడి ముక్క చెక్కుచెదరలేదు. స్విచ్ జరిపితే పచ్చదీపం వెలిగింది, తెర మాత్రం నల్లగానే ఉండిపోయింది. బ్యాటరీ ఉబ్బి ఉంది. కరెంటు పోగానే అదీ చేతులెత్తేసి ఉంటుంది.

"పిన్నికి తెలుసునా?"

"లేదు. చార్జింగ్ పెట్టానని చెప్పాను. పొద్దుట్నుంచి మూడుసార్లు అడిగింది. ఐదింటికి విశాఖ బండి. ఇది లేకపోతే చెయ్యి మళ్ళీ ముడుచుకుపోతుందేమో అన్నయ్యా. అమ్మకి దీన్లోనే కదా లోకమంతా. కొత్తది కొనేస్తే?"

"కొత్తదానికి పిన్ని తెలుగు రాదమ్మా. నాలుగింటికి ఇంటికి తెస్తాను. ఫోన్ మట్టుకు సెయ్యకు. సేసినా ఎత్తను."

శేషమ్మ కోటయ్యతో పనిచేసిన ఖలాసీ భార్య. మూడేళ్ళ క్రితం పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పిడికిలి బిగుసుకుపోయింది. పిసకమని డాక్టరిచ్చిన రబ్బరు బంతిని, "ఈ బంతితో నానేటి సేసుకోను?" అని మూలకి విసిరేసింది. చూడటానికి వెళ్ళిన గురునాథం ఒక పాత పీఎస్పీ బాగుచేసి పట్టుకెళ్ళాడు. అందులో వ్యవసాయం ఆట. దున్నాలి, గింజలు చల్లాలి, నీళ్ళు పొయ్యాలి, ఆవుల పాలు తియ్యాలి. పెళ్ళికి ముందు అరెకరం చేసిన మనిషి ఆమె. బంతి పిసకని చెయ్యి, ఆవుకి మేత వెయ్యడానికి మాత్రం కదిలింది. మొదట ఒక వేలు, ఉగాది నాటికి రెండు. వచ్చిన చిక్కల్లా ఆట మాట్లాడేది ఇంగ్లీషు. తెర మీద మాట పడినప్పుడల్లా, "ఏటంటంది నాయినా ఇది?" అని ఫోన్ చేసేది.

నీ భాషలోనే మాట్లాడిస్తానన్నాడు గురునాథం. అప్పుడు చేసిన తప్పు రాయపూరు తెలుగువాడు తప్ప ఇంకొకడు చెయ్యలేడు. మూడు నెలలు కష్టపడి ఆటనంతా తెలుగు చేశాడు, అచ్చ బొబ్బిలి తెలుగు. రాసింది మాత్రం హిందీ అక్షరాల్లో. ఇంట్లో తెలుగు, బళ్ళో హిందీ చదివినవాడికి తెలుగంటే నోటితో మాట్లాడేదే గానీ దానికి వేరే అక్షరాలున్నాయన్న ధ్యాసే లేదు. శేషమ్మ ఆ మిషన్ చూసి, "బాగుంది నాయినా," అని ఊరుకుంది. ఊళ్ళో ఐదో తరగతి దాకా తెలుగు చదివి, ఇక్కడికొచ్చి యాభై ఏళ్ళు రైల్వే క్వార్టర్లో గడిపిన ఆమెకి హిందీ అక్షరం ఒక్కటి రాదు. వారం తరవాత మళ్ళీ ఫోన్: "ఏటంటంది నాయినా ఇది?" గురునాథం తల పట్టుకున్నాడు. తాయారమ్మ మాత్రం రెండు రోజులు పడీ పడీ నవ్వింది.

నవ్వినా అతను వదల్లేదు. ఆటలో ఒక్కో అక్షరానికి ఒక్కో చిన్న గడి ఉంటుంది, అడ్డం పదహారు చుక్కలు, నిలువు పదహారు. అలాంటివి ఖాళీగా రెండువందల పదహారు దొరికాయి. గ్రాఫు కాగితాల పుస్తకం కొని శేషమ్మ ముందు పెట్టి, "నువ్వే రాయి పిన్నీ, నాకు రాదు," అన్నాడు. ఆమె బిగుసుకుపోయిన చేత్తో పెన్సిలు పట్టుకుని, చుక్క చుక్కా నింపుతూ ఒక్కో అక్షరం గీసింది. 'అ' అనే ఒక్క అక్షరానికి నాలుగు రోజులు పట్టింది. నెలలు గడిచేకొద్దీ రోజుకి మూడు, నాలుగు. గళ్ళు తక్కువ కాబట్టి వత్తులన్నిటికీ చోటు లేదు. అందుకని వర్షం మాని వాన, విత్తనం మాని గింజ. "అమ్మ అనడానికి మట్టుకు గడి ఉండాల. అమ్మ నేకుండా తెలుగేటి?" అని దానికొకటి తీసుకుంది. చిట్టచివరి గడిలో ఏదో ఒక అక్షరం గీసి ఇచ్చింది. ఇదెందుకు పిన్నీ అంటే, "ఉండనీ, కావాల," అంది.

ఆ పై పని అంకెలతో నడిచింది. గురునాథం ఆటలోని మాటకి అర్థం చెప్పేవాడు, శేషమ్మ తన తెలుగులో కట్టి, ఏ అక్షరం ఏ గడిదో ఆ అంకెలు వరసగా రాసి ఇచ్చేది. అతను ఆ అంకెల్ని కొట్టుకుంటూ పోయేవాడు. తను చదవలేని భాషని, తను రోజూ మాట్లాడే భాషని, రెండేళ్ళు అలా అంకెలుగా నాటాడు. చివరి భాగం, గింజలమ్మే దుకాణం, పోయిన వారమే పూర్తయింది. దుకాణందారుకి ఏ పేరు పెడతావో పెట్టుకో అన్నాడు. ఆమె రాసిచ్చిన అంకెల్లో చివరిది రెండువందల పదహారు. ఆట మొత్తంలో ఆ గడి ఆ ఒక్కచోటే వాడింది. "ఒక్క మాట కోసం గడంతా కర్చు సేసీసావు పిన్నీ," అని గొణుక్కున్నాడు గానీ కొట్టాడు. ఆ పూర్తయిన ఆటని ఈవేళే ఆమె మిషన్లో పెట్టివ్వాలి.

టిఫిను డబ్బా తెరిచి డిస్కు తీసి చూశాడు. శేషమ్మ పేరుతో నకలు ఉంది. సొరుగు అడుగు నుంచి మరమ్మతు బ్యాటరీ తీశాడు. మామూలు వాటిలో కలిసిపోకుండా దాని మీద తాయారమ్మ గోళ్ళరంగుతో ఎర్రచుక్క పెట్టాడు. ఆ సీసా కోసం ఇంట్లో ఒక పూట యుద్ధం కూడా జరిగింది. ఏడాదిగా వాడలేదేమో, బ్యాటరీ పూర్తిగా దిగిపోయి ఉంది. తీగలు తగిలించి చార్జింగు పెట్టాడు. మధ్యాహ్నం కరెంటు పోయింది, కారు బ్యాటరీకి మార్చాడు. అప్పటికి సగమే ఎక్కింది. సగంతో పని జరిగినా జరగొచ్చు. జరగకపోతే ఇంక ఈ మిషన్‌కి వైద్యం లేదు. ఫోను మోగింది, మాలతి. ఎత్తలేదు. మళ్ళీ మోగింది. ఫోన్ ఆపేసి సొరుగులో పడేశాడు. అంత తొందరలోనూ గురునాథం బీర్‌గావ్ పీఎస్పీ తీసుకుని, ఆరు స్క్రూలూ ఆరు మూలలా బిగించి పక్కన పెట్టాడు. తొందరపడి ఒక మిషన్‌ని చంపినవాడు తానే కాబట్టి, తొందర విలువ అతనికి తెలుసు.

రెండున్నరకి బ్యాటరీ నిండింది. గురునాథం లేచి చెప్పులు ఇటుక మీద విడిచాడు. చట్రం ముట్టుకున్నాడు. ఎర్రచుక్క బ్యాటరీ మిషన్లో పెట్టగానే, స్విచ్ నొక్కకుండానే, దీపం వెలిగింది. ఐదు క్షణాలు ఏమీ లేదు. తరవాత నల్లటి తెర మీద తెల్లటి గీతలు లేచాయి. నకలు ఎక్కించమని మీట నొక్కి చేతులు ఒళ్ళో పెట్టుకున్నాడు. బయట సాహూ ఎవరినో ఆపుతున్న మాట వినిపించింది. గోడ అవతల గూడ్సు బండి వెళ్ళింది, అగ్గిపెట్టె మూత వణికింది, బల్ల మాత్రం కదల్లేదు. కోటయ్య ఎంచి తెచ్చిన చెక్క అది. తొంభై ఏడు, తొంభై ఎనిమిది, తొంభై తొమ్మిది. అక్కడ చాలాసేపు ఆగింది. గురునాథం ఊపిరి కూడా ఆగింది.

అయిపోయిందని తెర చెప్పింది.

ఎర్రచుక్క తీసి మంచి బ్యాటరీ వేశాడు. శేషమ్మ పొలం, ఆవులు, దడి పక్క నాటిన గుమ్మడి పాదు, అన్నీ మెమరీ కార్డులో ఉన్నవి ఉన్నట్టే వచ్చాయి. కొత్త ఆట పెట్టి గింజల దుకాణం దగ్గరికి నడిపించాడు. చెక్కబల్ల వెనక చిన్న మనిషి నిలబడ్డాడు. తెర అడుగున అక్షరాలు పడ్డాయి. గురునాథం భూతద్దం దించి చూశాడు. ఒకదాని మీద ఒకటి ఎక్కలేదు, తోకలు తెగలేదు. నాలుగక్షరాల ఆ పేరులో చివరనున్న రెండువందల పదహారో గడి చక్కగా కుదురుకుంది. తృప్తిగా తలాడించి, మిషన్ ఆపి, చెప్పులు తొడుక్కున్నాడు. తన దగ్గర పరీక్షకి పెట్టుకునే పాత మిషన్లోనూ అదే ఆట పెట్టి, గింజల దుకాణం దగ్గరే ఆపి సొరుగులో దాచాడు.

నాలుగింటికి ఇంకా పది నిమిషాలుండగా వెళ్ళాడు. ఆటో గుమ్మంలో ఉంది. శేషమ్మ మిషన్ అందుకుని, రెండు వేళ్ళతో స్విచ్ జరిపి, తెర దగ్గరగా పెట్టుకుని గట్టిగా చదివింది. "వాన పడతంది. ఈ పూట నీరు పోసే పని నేదు." కూతురు చెప్పిన అబద్ధమూ, ఈ మనిషి పడ్డ పాట్లూ ఆమెకి తెలియవు, చెప్పాలని ఇద్దరికీ అనిపించలేదు. మాలతి ఆటో అవతలికి తిరిగి కళ్ళొత్తుకుంది.

"పిన్నీ, ఆ కడాకరి గడి ఏటో సెప్పలేదు నువ్వు."

"నాను సెప్పను. నువ్వే సదువుకో," అంది శేషమ్మ. "అచ్చరాలన్నీ నీ పుస్తకంలోనే ఉన్నాయి కదేటి. ఇన్నాళ్ళు నాకు నువ్వు సెప్పావు. ఇప్పుడు నువ్వు నేర్సుకో నాయినా." మూడేళ్ళ క్రితం పిడికిలి విప్పలేకపోయిన చెయ్యి అతని తల మీద వెడల్పుగా ఆనింది. గురునాథానికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. సిగ్గుపడి, ఆటోవాడితో బండికి టైమైపోతోందని కేకలేశాడు.

ఆ సాయంత్రమే దుకాణం మూసే ముందు గ్రాఫు పుస్తకం తీసి, మొదటి గడిలోని అక్షరాన్ని చూస్తూ వెనక పేజీలో పది సార్లు రాశాడు. యాభై ఏడేళ్ళ వయసులో అక్షరాభ్యాసం. రోజుకి నాలుగు చొప్పున అనుకున్నాడు.

పదకొండో రోజున, మధ్యాహ్నం పన్నెండు దాటాక, ఖోఖా ముందు ఇటుక మీద చెప్పులు కనిపించాయి. ఇద్దరు ముగ్గురు వచ్చారు. సాహూ వాళ్ళని స్టూలు మీద కూర్చోబెట్టాడు, కాసేపు చూసి రేపొస్తామని వెళ్ళారు. రెండున్నర దాకా ఎవరూ పలకరించలేదు. ఇంత పెద్ద ప్రోగ్రామేమిటని సాహూ తొంగి చూసేసరికి గురునాథం రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని, తెర వంక ముఖం పెట్టుకుని, గోడకి ఆనుకుని ఉన్నాడు. ప్రాణం పోయి చాలాసేపయిందని డాక్టరు చెప్పాడు. బల్ల మీద మిషను మాత్రం క్షేమంగా ఉంది. పని పూర్తయిందని తెర మీద రాసి ఉంది. అంతకాలం తనే కాపలా కాసిన ఆ కట్టుబాటుని తలచుకుని సాహూ వీధిలో నిలబడి బావురుమన్నాడు.

పన్నెండో రోజు కర్మ దాటాక తాయారమ్మ ఖోఖా సర్దడానికి వచ్చింది. పెళ్ళైన ముప్ఫై ఏళ్ళలో ఆ మిషన్లని ఆమె ఏనాడూ ముట్టుకోలేదు. సవతులనేది. సొరుగులో ఎర్రచుక్క బ్యాటరీ కనబడితే కాసేపు చేతిలో పట్టుకు కూర్చుంది. గ్రాఫు పుస్తకం వెనక పేజీల్లో ఆయన వంకరటింకర రాత చూసింది. పదేసి సార్లు రాసిన అక్షరాలు. నలభై నాలుగో గడి దగ్గర ఆగిపోయాయి. ఇంట్లో తెలుగు చదవడం వచ్చిన పెళ్ళాన్ని పెట్టుకుని ఒక్కడే దొంగచాటుగా నేర్చుకున్నాడే అని ఏడుస్తూనే కోపగించుకుంది.

పుస్తకం కింద పాత మిషను ఉంది. ఆయన జరపగా చూసిన స్విచ్చిని ఆమె జరిపింది. తెర వెలిగింది. ఆయన ఆపినచోటే ఆట తెరుచుకుంది. తాయారమ్మ కొంగుతో కళ్ళు తుడుచుకుని, అక్షరం అక్షరం కూడబలుక్కుని చదివింది. "నా పేరు గురునాథం. ఏటి కావాలమ్మా?"

ఆమె ఇంకే మీటా నొక్కలేదు. మిషన్‌ని కోటయ్య చెక్క మీద గోడకి ఆనించి నిలబెట్టింది. బ్యాటరీ ఉన్నంతసేపూ ఆ చిన్న బొమ్మ తన చెక్కబల్ల వెనక నిలబడి, శేషమ్మ చేతిరాతలో, ఏం కావాలని అడుగుతూనే ఉంది.